లాభశాతం నేర్పే ముందు నష్టపోనివ్వండి

బడిలో లాభనష్టాల పాఠం రాబోయే ఏడాది, దానికి ముందటి వేసవి సెలవుల్లోనే తల్లిదండ్రులు చేయవలసిన పని ఒకటుంది. కొత్త లెక్కల పుస్తకం ఇంటికి రాగానే ఆ పాఠంలో సూత్రం అచ్చువేసిన పేజీని వెతకండి. పక్క పేజీతో కలిపి మూడు చోట్ల పిన్ను కొట్టేయండి. లాభాన్ని కొన్నవెలతో భాగించి వందతో గుణించాలన్న ముక్క మీ పిల్ల కంట పడకూడదు. పుస్తకం చివర జవాబుల పట్టిక ఉంటే దానికీ అదే పని చేయండి. పిల్ల యూనిట్ పరీక్షలో వెనకబడుతుంది. ఆ సంగతి నాకు తెలుసు, తెలిసే చెబుతున్నాను.

నేను చంద్రపూర్‌లో లాల్‌పేట్ కాలరీ వైపు పిల్లలకు సాయంత్రం పూట లెక్కలు చెబుతాను. ఇంట్లో తెలుగు, బడిలో మరాఠీ నడిచే పిల్లలే వాళ్ళలో ఎక్కువ. మా బాపు కరీంనగర్ వైపు నుంచి బొగ్గుబాయి పనికి ఈ ఊరొచ్చాడు, 1973లో గనులు సర్కారు చేతికి రాకముందే. మా అవ్వ గోల్‌బజార్ దగ్గర గంప దించి కూరగాయలు అమ్మేది. ఆమెకు సంతకం పెట్టడం రాదు. లాభశాతం మాత్రం నాకంటే బాగా వచ్చు. నేను బడిలో ఆ సూత్రం నేర్చుకున్న రోజు నుంచి చాలా ఏళ్ళపాటు ఆమె లెక్క నాకు అర్థం కాలేదు. నా సలహా అంతా అక్కడినుంచి వచ్చిందే.

పిన్ను కొట్టాక రెండు వందల యాభై రూపాయలు పక్కన పెట్టించండి. అది పిల్ల సొంత డబ్బు కావాలి. మేనమామ చేతిలో పెట్టిందో, డబ్బాలో దాచుకున్నదో. మీ డబ్బు పోతే పిల్లకు ఏమీ కాదు, తన డబ్బు పోతేనే గుండె కలుక్కుమంటుంది. ఈ పాఠానికి ఆ కలుక్కుమనడం కావాలి. ఆదివారం తెల్లవారుజామున మార్కెట్టుకు తీసుకెళ్ళి నిమ్మకాయలు కొనిపించండి, తననే కూర్చొని అమ్మనివ్వండి. రోజంతా మీరు పక్కనే ఉండాలి, నోరు మాత్రం విప్పకూడదు.

రెండేళ్ళ కిందట వేసవిలో మా వీధి పిల్ల ఒకతె ఇలాగే చేసింది. వాళ్ళమ్మ పక్కన కూర్చుంది, నేను కొంచెం ఎడంగా నిలబడ్డాను. కాయ రెండు రూపాయల చొప్పున నూరు కాయలు కొన్నది, రెండు వందలు. మూట మోయలేక ఆటో ఎక్కింది, ఇరవై రూపాయలు. కాయ మూడు రూపాయలకు అమ్మాలని తనే నిర్ణయించుకుంది. రెండుకు కొని మూడుకు అమ్మితే పుస్తకం ప్రకారం లాభం నూటికి యాభై. అక్కనడిగి ఆ యాభై ముందే తెలుసుకొని వచ్చింది.

చంద్రపూర్ ఎండ సంగతి తెలిసినవాళ్ళకు చెప్పనక్కరలేదు, మే నెలలో 45 డిగ్రీలు దాటడం ఇక్కడ వింత కాదు. మధ్యాహ్నానికి పన్నెండు కాయలు వడలి నల్లబడ్డాయి. కొన్నవాళ్ళు కొసరు అడిగారు. ఇవ్వనంటే తీసిన కాయలు మళ్ళీ గంపలో వేసి పోతారని రెండో బేరానికే దానికి అర్థమైంది. అలా ఎనిమిది కాయలు కొసరుకింద పోయాయి. మూడు రూపాయల ధరకు అమ్ముడైనవి డెబ్బై. చీకటి పడేవేళకు మిగిలిన పదింటినీ ఒకాయన గుత్తగా పది రూపాయలకు తీసుకుపోయాడు. డెబ్బై కాయలకు వచ్చిన రెండు వందల పది, ఈ పది, మొత్తం రెండు వందల ఇరవై. పొద్దున చేతిలోంచి పోయింది కూడా రెండు వందల ఇరవయ్యే.

"సార్, ఏమీ మిగలలే" అన్నది పిల్ల. ఏడవలేదు కానీ గంప వైపు చూడలేదు.

ఆ రాత్రి దానితో మూడు జవాబులు రాయించాను. కాయకు కాయ చూస్తే నూటికి యాభై లాభం. ఆటో కిరాయి మరిచిపోతే నూటికి పది లాభం. కిరాయి కూడా కలిపితే సున్నా. మూడింటిలోనూ కూడిక తప్పు లేదు, భాగహారం తప్పు లేదు. ఏది లెక్కలోకి తీసుకున్నామన్న దగ్గరే మారాయి. మీ పిల్లతో కూడా ఈ మూడూ రాయించి, మొదటి రెండింటినీ కొట్టివేయించండి. రవాణా, హమాలీ ఖర్చులు కొన్నవెలలో కలపాలని లెక్కల పుస్తకాలు ఒకచోట చెబుతాయి, నిజమే. ఆ తర్వాత వరసగా వచ్చే లెక్కల్లో చాలావాటిలో కిరాయి ఊసు ఉండదు, కుళ్ళిన కాయ ఉండదు, కొసరు అసలే ఉండదు. ఒక వర్తకుడు డజను అరటిపళ్ళు కొంటాడు, డజనూ అమ్ముతాడు. అలాంటి వర్తకుణ్ణి నేను గోల్‌బజార్‌లో ఇంతవరకు చూడలేదు.

అందుకని పరీక్షలో లాభనష్టాల లెక్క వచ్చినప్పుడు జవాబు కింద ఒక ప్రశ్న రాయమని నా దగ్గరికొచ్చే పిల్లలకు చెబుతాను. 'కిరాయి ఎంతో చెప్పలేదు' అనో, 'ఎన్ని పళ్ళు చెడిపోయాయి?' అనో. మీరూ చెప్పండి. ఒక అబ్బాయి ఇంకా ముందుకెళ్ళి, జవాబే రాయకుండా ప్రశ్న ఒక్కటే రాసివచ్చాడు. మూడు మార్కుల లెక్కకు సున్నా వచ్చింది. వాళ్ళమ్మ పేపరు పట్టుకొని మా ఇంటికొచ్చింది. "లెక్క వచ్చి కూడా సున్నా తెచ్చుకున్నడు సార్, గిదేం చదువు?" అని నిలదీసింది. "అక్కా, పేపర్లో అన్నిటికన్నా తెలివైన వాక్యం మనోడు రాసిందే" అన్నాను. ఆమెకు నచ్చలేదు, నెలరోజులు పిల్లవాణ్ణి పంపలేదు. ఆ మాట మీద నేను ఇప్పటికీ నిలబడే ఉన్నాను.

ఇక భాష సంగతి. మరాఠీ బడిలో ఖరేదీ కింమత్, విక్రీ కింమత్, నఫా, తోటా. నఫా మన తెలంగాణ ఇళ్ళలో తాతల కాలం నుంచి ఉన్న మాటే, పిల్లలు వెంటనే పట్టుకుంటారు. చిక్కల్లా తోటా దగ్గర. తెలుగు చెవికి అది తోటలా వినబడుతుంది. చిన్నతరగతి పిల్లలకు గురువుగారు 'తోటా జాలా' అంటే మామిడిచెట్లు గుర్తొస్తాయి కానీ పోయిన డబ్బు గుర్తురాదు. కాబట్టి ఇంట్లో లెక్క అడిగేటప్పుడు మరాఠీ మాట పక్కన పెట్టి కొన్నవెల, అమ్మినవెల, గిట్టింది, గిట్టలేదు అని అడగండి. బడిలో తడబడతారని భయపెట్టేవాళ్ళ మాట వినకండి. ఇదే జిల్లాలో జివతి తాలూకా కొండల మీద మహారాష్ట్ర, తెలంగాణ రెండూ మావే అనే ఊళ్ళున్నాయి. అక్కడి పిల్లలు రెండు రాష్ట్రాల బడుల మధ్యా, రెండు భాషల మధ్యా పెరుగుతున్నారు. ఒక లెక్కను రెండు మాటల్లో మోయడం పిల్లలకు బరువు కాదు.

శాతం అన్న మాట కూడా కొన్నాళ్ళు ఆపండి. రూపాయికి ఎన్ని అణాలో చెప్పించండి. 1957 ఏప్రిల్ 1న నూరు నయాపైసల రూపాయి వచ్చేదాకా మన రూపాయికి పదహారణాలే. అచ్చమైన తెలుగును ఈనాటికీ పదహారణాల తెలుగు అంటామంటే, నూటికి నూరు అనడానికి మన నోటికి పదహారే నిండు సంఖ్య. మా అవ్వకు నూటికి ఇరవై అయిదంటే ఏమీ తోచేది కాదు, "రూపాయికి పావలా" అంటే కళ్ళు మెరిసేవి. పావలా అంటే నాలుగణాలు, నూటికి పాతిక. రెండణాలైతే నూటికి పన్నెండున్నర. ఒక్క అణా అయితే ఆరుంపావు. వంకాయల మీద అణాకు తక్కువైతే ఆమె గంప ఎత్తేది కాదు. అణా చూడని పిల్లలకు అణాలేమిటని నన్ను అడుగుతారు. రూపాయి బిళ్ళను సగం చేసి, ఆ సగాన్ని సగం చేసి, ఇంకో రెండుసార్లు అలాగే చేయమనండి, పిల్ల మనసులోనే పదహారు ముక్కలవుతాయి. సగం, పావు, అరపావు పిల్లలకు రొట్టెముక్కతోనే వచ్చేస్తాయి. నూరు ముక్కలు ఎవరి కంచంలోనూ ఉండవు.

శాతం నేర్పే రోజు వచ్చినప్పుడు మాత్రం కాగితం వద్దు. నూరు చింతగింజలు తెచ్చి నేలమీద పోయండి. ఇరవై తీసెయ్యమనండి. ఎనభై మిగులుతాయి. ఇప్పుడు ఉన్నవాటి మీద నూటికి ఇరవై చొప్పున తిరిగి కలపమనండి. పిల్ల ఇరవై గింజలు తీసుకొని కలపబోతుంది, దాదాపు అందరూ అంతే. ఆగమనండి. ఎనభైలో నూటికి ఇరవై అంటే పదహారే. కలిపితే తొంభై ఆరు. నాలుగు గింజలు బయటే ఉండిపోతాయి. ఆ నాలుగింటినీ చెయ్యి పెట్టి తాకమనండి. పడిపోయినంత శాతమే లేచినా మొదటికి చేరలేమని అన్నివిధాలా చెప్పి చూశాను, గింజలు చెప్పినట్టు నేను చెప్పలేకపోయాను. ఎనభై మళ్ళీ నూరు కావాలంటే నూటికి పాతిక కావాలి.

ఆ నాలుగే ఇంకోచోట కనబడతాయి. చీరల వ్యాపారి రెండు చీరలను ఒక్కోటి 960 రూపాయలకు అమ్మాడు, ఒకదానిమీద నూటికి ఇరవై లాభం, ఇంకోదానిమీద నూటికి ఇరవై నష్టం, మొత్తం మీద ఏమైంది అని పరీక్షల్లో అడుగుతారు. లాభం నష్టం చెల్లు అని పిల్లలు రాసేస్తారు. మొదటి చీర కొన్నవెల 800, రెండోది 1,200. రెండువేలు పెట్టి 1,920 తెచ్చుకున్నాడు. పోయింది ఎనభై, అంటే నూటికి నాలుగు. ఈ లెక్కకు పోటీపరీక్షల పుస్తకాల్లో ఒక అడ్డదారి ఉంది. దాన్ని నేర్పకండి. గింజల దగ్గరికి తిరిగి తీసుకెళ్ళండి.

దేని మీద అన్న ప్రశ్న పిల్ల నోట్లో నానాలి. ఎనభైకి కొని నూరుకు అమ్మితే బడిలెక్క కొన్నవెల మీద నూటికి పాతిక అంటుంది, దుకాణదారు అమ్మినవెల మీద నూటికి ఇరవై అంటాడు. కౌటిల్యుడి అర్థశాస్త్రం దేశవాళీ సరుకు మీద నూటికి అయిదు, పరదేశపు సరుకు మీద నూటికి పది లాభాన్ని వర్తకుడికి అనుమతించింది, అదీ అనుమతించిన కొనుగోలు ధరకు పైన అని తేల్చి మరీ చెప్పింది. అంత పాత పుస్తకం దేని మీదో చెప్పగలిగినప్పుడు ఇప్పటి ప్రశ్నపత్రం ఎందుకు చెప్పదు? చెప్పని ప్రశ్నకు పిల్లతో రెండు జవాబులూ రాయించండి.

ఒక లెక్కను మాత్రం చేయనివ్వకండి. కొన్నవెలకే అమ్ముతున్నానని చెప్పి, కిలోకు 900 గ్రాములే తూచే వ్యాపారి లాభశాతమెంత అన్నది. చాలా పుస్తకాల్లో ఉంది, కొంచెం కఠినమైన లెక్కగా పేరు కూడా ఉంది. జవాబు పదకొండూ ఒకటిబై తొమ్మిది. నూరు గ్రాముల దొంగతనాన్ని తొమ్మిది వందలతో భాగించి లాభమని పేరుపెట్టడం పిల్లలకు నేర్పుతున్నాం. నా దగ్గర చదివే పిల్లలు ఆ లెక్క జవాబు చోట 'దొంగతనం' అని రాస్తారు. ఒక్క మాటే, అంకెలుండవు. మార్కు రాదు. ఆ లెక్క బదులు పిల్లను ఒక దుకాణానికి తీసుకెళ్ళి తూకపురాయి మీద తూనికలు కొలతల శాఖ వేసిన ముద్ర చూపించండి. ముద్ర లేకపోతే అక్కడ కొనకుండా వచ్చేయండి, ఎందుకో ఇంటికొచ్చి చెప్పండి.

ఆ తొమ్మిది వందలు మా ఇంట్లో ఇంకో రూపంలో ఉండేవి. గిరిగిరి మిత్తి, అంటే రోజూ కొంత కట్టి తీర్చే అప్పు. మా అవ్వ పెట్టుబడికి డబ్బు తెచ్చేది, అప్పిచ్చేవాడు వెయ్యి అని రాసుకొని చేతికి తొమ్మిది వందలే ఇచ్చేవాడు. రోజుకు పది రూపాయల చొప్పున నూరు రోజులు కట్టాలి. నేను అప్పుడు తొమ్మిదో తరగతి. లాభశాతం సూత్రం కొత్తగా వచ్చిన మురిపెం. తొమ్మిది వందల మీద వంద, పదకొండూ ఒకటిబై తొమ్మిది, అని పెద్దగా చెప్పాను. "నూటికి పదకొండేనవ్వా, అంత ఎక్కువేం కాదు" అన్నాను.

అవ్వ బెండకాయలు ఏరుతూనే అడిగింది. "సగం రోజులు గడిచినంక వాని పైసలు నా తాన ఎన్నుంటయి బిడ్డా? తొమ్మిది నూర్లు ఉంటయా?"

ఉండవు. యాభై రోజులకు అయిదు వందలు తిరిగి కట్టేసి ఉంటుంది, అసలులో దాదాపు సగమే ఆమె దగ్గర మిగిలి ఉంటుంది. మొదటిరోజు తొమ్మిది వందలు, ఆఖరిరోజు దాదాపు ఏమీ లేదు. నూరు రోజులకూ సరాసరిన ఆమె వాడుకున్నది నాలుగువందల యాభై. దానిమీద వంద అంటే నూటికి ఇరవై రెండు పైచిలుకు, అదీ నూరు రోజులకే. ఏడాదికి లెక్కేస్తే నూటికి ఎనభై ఒకటి. కాలనీలో నూటికి రెండు రూపాయల మిత్తి అంటే, అది నెలకు కాబట్టి, ఏడాదికి ఇరవై నాలుగే. దాన్నే జనం భారమనేవాళ్ళు. నా సూత్రం తప్పు చెప్పలేదు, అది కాలాన్ని అడగలేదంతే. అడగాలని నాకు బడిలో ఎవరూ చెప్పలేదు. అవ్వకు ఎవరూ చెప్పనక్కరలేకపోయింది, రోజూ సాయంత్రం ఆ పది రూపాయలు ముడి విప్పి ఇచ్చేది ఆమే.

మీ ఇంట్లోనో పక్కింట్లోనో ఇలాంటి అప్పు ఉంటే దాచకండి. ఆ చీటీ పిల్ల ముందు పెట్టండి. పెద్దల అప్పులు పిల్లలకెందుకని బంధువులు అడ్డొస్తారు. చక్రవడ్డీ కన్నా ముందు ఈ లెక్కే రావాలని నేనంటాను. పత్తి అమ్మకానికి మార్కెట్ యార్డుకు వెళ్ళే రైతు ఇంటి పిల్లయితే తరుగు లెక్క చూపించండి. క్వింటాలు నూరు కిలోలే కాబట్టి రెండు కిలోలు తరుగు తీస్తే నూటికి రెండు అని సూత్రం లేకుండానే కనబడుతుంది.

సూత్రం కన్నా ముందు ప్రశ్న అనే ఈ వరస మన దగ్గర కొత్తది కాదు. తొమ్మిదో శతాబ్దిలో మహావీరాచార్యుడు రాసిన గణితసారసంగ్రహాన్ని పావులూరి మల్లన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. శాతమనే గుర్తు లేని రోజుల్లో త్రైరాశికంతోనే వ్యాపారమంతా నడిచింది. ఇంతకు ఇంతైతే అంతకు ఎంత? ఆ ఒక్క ప్రశ్నతో వడ్డీ, లాభం, పాలు పంచుకోవడం అన్నీ తేల్చుకున్నారు. మీ పిల్లకు ఆ ప్రశ్న వస్తే చాలు, పిన్ను కొట్టిన పేజీలో ఏముందో తనంతట తనే రాసుకోగలదు. రాయించండి కూడా. తను రాసుకున్నది, పేజీలో ఉన్నది ఒకటే అయిన రోజున పిన్ను తీయాలి, అంతకుముందు కాదు.

నిమ్మకాయల పిల్ల కిందటేడు చైత్రంలో మళ్ళీ వెళ్ళింది. మహాకాళి జాతర రోజులు, నాందేడ్ వైపు నుంచి, తెలంగాణ నుంచి వచ్చిన జనంతో దారులన్నీ నిండి ఉన్నాయి. ఈసారి అరవై కాయలే కొన్నది, రెండు రూపాయల చొప్పున నూట ఇరవై. మోయగలిగినంతే కొన్నది కాబట్టి ఆటో లేదు. తడిగుడ్డ కప్పి నీడ చూసుకొని కూర్చుంది. రెండు కాయలు చెడిపోయాయి, నాలుగు కొసరుకు పోయాయి, యాభై నాలుగు మూడేసి రూపాయలకు అమ్మింది. నూట అరవై రెండు. సాయంత్రం మా ఇంటి అరుగు మీద కూర్చొని రూపాయికి అయిదున్నర అణాల మీద కొంచెం అని చెప్పి, గింజలు తీసుకొని నూటికి ముప్ఫై అయిదు అని తేల్చింది. పుస్తకం తెచ్చుకుంది, పిన్ను తీయమంటుందనుకున్నాను.

"సార్, మా అమ్మ కూడా పొద్దటి నుంచి నాతోనే కూసున్నది. కూలికి పోకుంట. ఆమె కూలి ఏ దిక్కు రాయాలె?"

కొన్నవెల కింద రాయమన్నాను. రాసింది. ఒక రోజు కూలి రాయగానే నలభై రెండు రూపాయల లాభం కనబడకుండా పోయింది, కింద నష్టం మిగిలింది. పిల్ల చాలాసేపు ఆ అంకె చూసింది. తర్వాత పిన్నులు మూడూ గోటితో పీకి అరుగు మీద పెట్టింది.